మధూకరం నుండి భగవద్గీత వరకు: అమరగాయకుడు ఘంటసాల వెంకటేశ్వరరావు గారి జీవితం

దేవాలయ జీర్ణోద్ధరణ, కుంభాభిషేక మహోత్సవ సంచికలలో ఆళ్వారుల చరిత్రలు, నాయనార్ల చరిత్రలు, వాగ్గేయకారుల చరిత్రలు చదవడం మీకు అలవాటు. చలనచిత్రాలలో నేపథ్యగానం చేసిన ఒక గాయకుని చరిత్రకు ఇక్కడ స్థానమేమిటని మీలో కొందరికి సందేహం కలగవచ్చు. కాని తెలుగునాట ఎన్నో ఊళ్లలో గుడి మైకు నుండి దశాబ్దాల తరబడి వినిపించిన కంఠాలను ఒక్కసారి తలచుకోండి. వాటిలో ఘంటసాల వెంకటేశ్వరరావు గారి కంఠం ముందువరుసలో ఉంటుంది. సంస్కృతం చదువుకోని కోట్లాది తెలుగువారికి భగవద్గీతా శ్లోకాలను చెవికి చేర్చినది ఆ కంఠమే. ఆ కంఠానికి అన్నం పెట్టి పోషించినది ఎవరో, ఆ ఋణాన్ని ఆయన ఏ విధంగా తీర్చుకున్నారో తెలుసుకోవడం భక్తులకు, ముఖ్యంగా దాతలకు, ఎంతో అవసరం.

ఘంటసాల గారు 1922 డిసెంబరు 4న కృష్ణా జిల్లా గుడివాడ సమీపంలోని చౌటపల్లి గ్రామంలో జన్మించారు. తల్లి రత్తమ్మ, తండ్రి సూర్యనారాయణ గారు. తండ్రి సంగీతజ్ఞుడు, మృదంగం వాయించేవారు. నారాయణతీర్థుల తరంగాలను భక్తితో గానం చేసేవారు. తండ్రి భుజాలపై కూర్చుని భజనలకు, ఉత్సవాలకు వెళ్లిన ఆ బాలుడు తరంగాలకు తగినట్టు నర్తించేవాడు. చూసిన పెద్దలు ముచ్చటపడి బాలభరతుడని పిలిచేవారు. ఈ విధంగా ఆయనకు సంగీతంలో అక్షరాభ్యాసం జరిగినది దేవుని సన్నిధిలోనే.

ఆ ఆనందం ఎంతోకాలం నిలువలేదు. బాల్యంలోనే తండ్రి పరమపదించారు. కుమారుడు గొప్ప సంగీత విద్వాంసుడు కావాలన్నదే ఆ తండ్రి చివరి కోరిక. కుటుంబభారం మేనమామ గారిపై పడింది. అటువంటి స్థితిలో సంగీతం నేర్చుకోవాలని కోరడం చాలామందికి వింతగా తోచింది. ఒక గ్రామంలో జరిగిన కచేరీలో పెద్ద విద్వాంసులతో పోటీకి దిగి ఆ కుర్రవాడు నవ్వులపాలయ్యాడని ఆయన జీవితచరిత్రలు చెబుతున్నాయి. ఆ అవమానమే పట్టుదలగా మారింది. సంగీతం చెప్పగలవారి ఇళ్లలో పనులు చేస్తూ కొంతకాలం గడిపినా ఆశించిన విద్య లభించలేదు. చివరకు వేలికున్న బంగారపు ఉంగరం అమ్మి, ఆ డబ్బుతో విజయనగరం బయలుదేరారు.

విజయనగరంలో పూసపాటి సంస్థానాధీశులు 1919లో స్థాపించిన సంగీత కళాశాల ఉన్నది. తొలి అధ్యక్షులు హరికథా పితామహులు ఆదిభట్ల నారాయణదాసు గారు. ఘంటసాల గారు వెళ్లేనాటికి ఆ పీఠంపై ఉన్నవారు వాయులీన విద్వన్మణి ద్వారం వెంకటస్వామి నాయుడు గారు. నాయుడు గారు దయతో ఆ కుర్రవానికి ఆశ్రయమిచ్చారు. అయితే తోటివారు చేసిన అల్లరి పనికి నింద ఈయనపై పడి, ఉన్న చోటు విడువవలసి వచ్చింది. తలదాచుకోవడానికి వేరే ఇల్లు లేక ఊరిలోని అమ్మవారి గుడికి చేరుకున్నారు. అండ లేనివానికి దేవాలయమే ఇల్లు అన్న మన పెద్దల మాట ఆ బాలుని విషయంలో అక్షరాలా నిజమైంది.

ఆ దశలో ఆయనను ఆదరించిన మహానుభావులు పట్రాయని సీతారామశాస్త్రి గారు. సాలూరు చినగురువు గారని ప్రసిద్ధి పొందిన శాస్త్రి గారు గొప్ప గాయకులు, వాగ్గేయకారులు. కాని సంపన్నులు కారు. శిష్యుని నుండి ఒక్క పైసా తీసుకోకుండా విద్య చెప్పారు. తన గాన విధానాన్నీ, శబ్దం పలికే తీరునూ, శ్రుతిశుద్ధినీ ఆ కంఠంలో నాటారు. విద్యకు లోటు లేకపోయినా భోజనం మాత్రం సమస్యగానే మిగిలింది. అందుకు ఘంటసాల గారు ఎన్నుకున్న మార్గం మధూకరం.

నేటి తరానికి ఈ మాట అంతగా తెలియకపోవచ్చు. మధుకరమంటే తుమ్మెద. తుమ్మెద ఒక్క పువ్వును పీడించక పువ్వు పువ్వునూ తాకి కొద్ది కొద్దిగా తేనె సేకరించినట్లు, విద్యార్థి భుజానికి జోలె కట్టుకుని ఇంటింటా పిడికెడు అన్నం స్వీకరించడమే మధూకరం. అది యాచనగా కాక విద్యార్థి ధర్మంగా పరిగణింపబడిన కాలమది. అయినా పదిమంది చూస్తుండగా జోలె పట్టడం ఆత్మాభిమానం గల యువకునికి సులభమైన పని కాదు. ఒకపూట దొరికిన అన్నమే రెండు పూటలకు సర్దుకుంటూ, ఆకలిని దిగమింగి ఆయన సాధన సాగించారు.

దాతలైన పాఠకులారా! ఈ ఘట్టం దగ్గర ఒక్క క్షణం ఆగండి. సంగీత కళాశాలను స్థాపించిన రాజుల పేరు మనకు తెలుసు. ఆశ్రయమిచ్చిన ఆచార్యుని పేరు తెలుసు. విద్య గరపిన గురువు పేరు తెలుసు. కాని విజయనగరం వీధులలో ఆ జోలెలో అన్నం వేసిన ఇల్లాండ్ర పేర్లు ఏ శిలాఫలకం పైనా లేవు. తాము వేసిన అన్నం తెలుగుజాతి కంతటికీ కంఠమై నిలుస్తుందని వారికి తెలియదు. తెలియనవసరమూ లేకపోయింది. పాత్రత చూచి, ఫలం కోరక ఇచ్చిన దానం ఎంత దూరం ప్రయాణిస్తుందో చెప్పడానికి ఇంతకన్న మంచి నిదర్శనం అరుదు.

విద్య ముగించుకుని స్వగ్రామం చేరిన ఘంటసాల గారు ఉత్సవాలలోను, శుభకార్యాలలోను కచేరీలు చేస్తూ, పిల్లలకు సంగీతం చెబుతూ జీవించారు. 1942లో క్విట్ ఇండియా ఉద్యమం ఆరంభం కాగానే గాయకుడు సత్యాగ్రహి అయ్యారు. ఊరూరా దేశభక్తి గీతాలు పాడి ప్రజలను ఉత్తేజపరిచినందుకు ప్రభుత్వం ఆయనను నిర్బంధించింది. బళ్లారి దగ్గరి అలీపురం జైలులో 18 నెలలు గడిపారు. విడుదలైన పిదప 1944లో సావిత్రి గారిని వివాహమాడారు. ఆ పెళ్లిపందిరిలో వరుడే స్వయంగా కచేరీ చేశారన్న ముచ్చట నేటికీ చెప్పుకుంటారు.

వివాహానంతరం పెదపులివర్రులో సుప్రసిద్ధ సినీరచయిత సముద్రాల రాఘవాచార్యుల వారితో పరిచయం కలిగింది. ఆచార్యుల వారు ఆ గాత్రంలోని గుణాన్ని గ్రహించి మద్రాసు రమ్మని ప్రోత్సహించారు. మద్రాసులోనూ కష్టాలు ఎదురుచూస్తూనే ఉన్నాయి. ఒకరి ఇంట భారంగా ఉండడం ఇష్టపడక పగలంతా అవకాశాల కోసం తిరిగి, రాత్రివేళ త్యాగరాయనగర్‌లోని పానగల్ పార్కులో నిద్రించిన రోజులున్నాయి. గ్రామఫోను కంపెనీ వారు మొదట ఆయన కంఠం రికార్డులకు పనికిరాదని తిరస్కరించారు. తరువాత పేకేటి శివరాం గారి చొరవతో అదే కంపెనీ వారు ఆయన పాటలను రికార్డు చేశారు. ఆకాశవాణి మద్రాసు కేంద్రంలో బాలాంత్రపు రజనీకాంతరావు గారు లలితగీతాలు పాడే అవకాశం కల్పించారు.

1945లో బి.ఎన్.రెడ్డి గారి స్వర్గసీమ చిత్రంలో భానుమతి గారితో కలసి పాడడంతో ఆయన నేపథ్యగాన జీవితం ప్రారంభమైంది. అందుకు లభించిన పారితోషికం 116 రూపాయలు. 1949లో కీలుగుర్రం చిత్రానికి సంగీత దర్శకత్వం వహించారు. అదే సంవత్సరం నందమూరి తారకరామారావు గారి తొలి చిత్రం మనదేశానికీ ఆయనే సంగీతం సమకూర్చారు. విజయా సంస్థ నిర్మించిన షావుకారు 1950లోను, పాతాళభైరవి 1951లోను, పెళ్లిచేసి చూడు 1952లోను వెలువడి ఘంటసాల గారి పేరును ఇంటింటికీ చేర్చాయి. 1953లో దేవదాసు చిత్రంలో ఆయన పాడిన పాటలు విషాదానికి మారుపేరయ్యాయి. 1957లో మాయాబజార్, 1962లో గుండమ్మ కథ, 1963లో లవకుశ ఆయన సంగీత దర్శకత్వంలో వచ్చిన సుప్రసిద్ధ చిత్రాలు. 1961లో వచ్చిన జగదేకవీరుని కథలో పెండ్యాల నాగేశ్వరరావు గారి స్వరకల్పనలో ఆయన పాడిన శాస్త్రీయగీతం, సీతారామశాస్త్రి గారి వద్ద చేసిన సాధన ఎంతటిదో లోకానికి చాటింది. తెలుగుతోపాటు తమిళ, కన్నడ చిత్రాలలోనూ ఆయన పాడారు.

ఆయన గానంలో ప్రత్యేకత ఏమిటని మీరడగవచ్చు. మొదటిది ఉచ్చారణ. ఒత్తులు, దీర్ఘాలు, అల్పప్రాణ మహాప్రాణ భేదాలు ఆయన నోట ఎన్నడూ చెదరలేదు. చదువురాని శ్రోతకు సైతం ప్రతి పదమూ విడివిడిగా అర్థమయ్యేది. రెండవది పాత్రానుగుణ్యం. రామారావు గారికి పాడినప్పుడు గాంభీర్యమూ, అక్కినేని నాగేశ్వరరావు గారికి పాడినప్పుడు మార్దవమూ ఆ ఒక్క గొంతులోనే పలికేవి. తెరపై నటుడే పాడుతున్నాడని ప్రేక్షకుడు నమ్మేవాడు. మూడవది పద్యపఠనం. అంతకుముందు నాటకరంగంపై పద్యం చివర దీర్ఘమైన రాగాలాపన చేయడం ఆచారం. ఆ రాగంలో పద్యభావం మరుగునపడేది. ఘంటసాల గారు రాగాన్ని భావానికి సేవకునిగా నిలిపారు. పదాన్ని విరిచే చోట విరిచి, నిలిపే చోట నిలిపి, పద్యార్థం వినగానే బోధపడేటట్లు చేశారు. పౌరాణిక చిత్రాలలోని పద్యాలను పామరులు సైతం కంఠస్థం చేసుకున్నారంటే అందులో ఆయన పాలు ఎంతో ఉన్నది. జంధ్యాల పాపయ్యశాస్త్రి గారి పుష్పవిలాపం, కుంతీవిలాపం ఖండికలను ఆయన విడిగా రికార్డు చేయగా అవి చిత్రగీతాలకు దీటుగా ప్రజాదరణ పొందాయి.

భక్తులకు ప్రీతిపాత్రమైన రెండు చిత్రాల ముచ్చట ఇక్కడ చెప్పాలి. 1960లో పి.పుల్లయ్య గారి దర్శకత్వంలో శ్రీ వేంకటేశ్వర మహాత్మ్యం విడుదలైనప్పుడు అనేక సినిమాహాళ్లు దేవాలయాలను తలపించాయి. స్వామివారి ప్రతిమ ఉంచి, హుండీలు ఏర్పాటు చేయగా ప్రేక్షకులు కొబ్బరికాయలు కొట్టి లోపలికి వెళ్లేవారు. ఎప్పుడూ తెర వెనుక ఉండే ఘంటసాల గారు ఆ చిత్రంలో స్వామి సన్నిధిలో గానం చేస్తూ స్వయంగా తెరపై దర్శనమిచ్చారు. ఇక లవకుశ తెలుగులో తొలి పూర్తి రంగుల చిత్రం. నిర్మాణం ఏళ్ల తరబడి సాగి 1963లో విడుదలైంది. లవకుశుల గానానికి పి.లీల, పి.సుశీల గార్ల కంఠాలను జోడించి ఆయన కూర్చిన సంగీతం రామాయణాన్ని పల్లెపల్లెకూ మోసుకుని వెళ్లింది. బండ్లు కట్టుకుని వచ్చి ఆ చిత్రం చూసిన కుటుంబాలు ఎన్నో.

కీర్తి వచ్చినా ఆయన గడచిన దినాలను మరువలేదు. గురుపుత్రులైన పట్రాయని సంగీతరావు గారిని తన వద్దకు ఆహ్వానించి సహాయకులుగా నియమించుకున్నారు. సంగీతరావు గారు ఘంటసాల గారి చివరి దినం వరకు, దాదాపు రెండు దశాబ్దాలు, ఆయన పక్కనే హార్మోనియంతో నిలిచారు. తరువాత నూరేళ్ల నిండు జీవితం గడిపి 2021లో కన్నుమూశారు. హిందూస్థానీ సంగీత సామ్రాట్టు ఉస్తాద్ బడే గులాం అలీ ఖాన్ గారు మద్రాసు వచ్చినప్పుడు ఘంటసాల గారి ఇంట అతిథిగా ఉన్నారు. ఒకనాడు అన్నానికి జోలె పట్టిన వ్యక్తి ఇంట విద్వాంసులకు, విద్యార్థులకు విస్తరి వేయబడింది. చైనా దండయాత్ర సమయంలో దేశరక్షణ నిధికై కచేరీలు చేశారు. సొంతంగా పరోపకారం, సొంత ఊరు చిత్రాలు నిర్మించి నష్టపోయారు. ఆ నష్టాలను మళ్లీ పాడే తీర్చుకున్నారు.

తిరుమల తిరుపతి దేవస్థానం వారు ఆయనను ఆస్థాన గాయకునిగా గౌరవించారు. 1970లో భారత ప్రభుత్వం పద్మశ్రీ పురస్కారంతో సత్కరించింది. ఆ సంవత్సరమే హైదరాబాదులో ఆయన సినీగాన రజతోత్సవం వేలాది ప్రజల సమక్షంలో వైభవంగా జరిగింది. 1971లో ఐరోపా, అమెరికా దేశాలలో పర్యటించి అక్కడి తెలుగువారిని తన గానంతో అలరించారు.

ఇంతవరకు చెప్పినది విజయగాథ. ఇకపై చెప్పబోయేది ఋణం తీర్చుకున్న గాథ. 1972లో హైదరాబాదు రవీంద్రభారతిలో కచేరీ చేస్తుండగా ఆయనకు గుండెనొప్పి వచ్చింది. అప్పటికే మధుమేహంతో బాధపడుతున్నారు. చాలా రోజులు ఆసుపత్రిలో ఉండవలసి వచ్చింది. కోలుకున్న పిమ్మట 1973లో భక్త తుకారాం వంటి చిత్రాలకు పాడినా, ఆయన మనస్సు మరొక పనిపై లగ్నమై ఉన్నది. ఎంతోకాలంగా హృదయంలో దాచుకున్న సంకల్పం అది. భగవద్గీతను తెలుగువారందరికీ అర్థమయ్యేటట్లు గానం చేయాలన్నదే ఆ సంకల్పం.

ఏడువందల శ్లోకాల గీత నుండి నూరుకు పైగా శ్లోకాలను ఎన్నుకుని, సందర్భోచితమైన రాగాలలో స్వరపరచి, ప్రతి శ్లోకం వెంట తెలుగు తాత్పర్యాన్ని తన కంఠంతోనే చదివి రికార్డు చేశారు. పాండిత్య ప్రదర్శనకు అందులో చోటివ్వలేదు. వాద్యాలు శ్లోకాన్ని మించి వినిపించవు. రాగం అవసరమైనంత మేరకే సాగుతుంది. అర్జునుని విషాదం విషాదంగాను, భగవానుని ఉపదేశం వాత్సల్యంతోను వినిపిస్తాయి. అలసిన గుండెతో పాడిన పాట అని ముందుగా చెప్పకపోతే ఎవరూ గుర్తించలేనంత నిబ్బరం ఆ స్వరంలో ఉన్నది. గీత పూర్తి చేసిన పిదప చిత్రగీతాలు పాడరాదని ఆయన తలపోసినట్లు ప్రసిద్ధి. ఆ కోరిక తీరే వ్యవధి లేకపోయింది. 1974 ఫిబ్రవరి 11న మద్రాసులో ఘంటసాల గారు పరమపదించారు. అప్పటికి ఆయన వయస్సు 51 సంవత్సరాలు. భగవద్గీత రికార్డులు ఆయన మరణానంతరం ప్రజలకు చేరాయి. తాను చేసిన పుణ్యకార్యానికి వచ్చిన ఆదరణను ఆయన కన్నులారా చూడలేదు. జోలెలో అన్నం వేసిన విజయనగరం గృహిణుల వలెనే ఆయన కూడా ఫలం చూడకుండానే ఇచ్చి వెళ్లారు. గీత బోధించిన నిష్కామకర్మకు గీతాగానమే ఉదాహరణ అయింది.

గ్రామఫోను రికార్డుల నుండి క్యాసెట్లకు, క్యాసెట్ల నుండి సీడీలకు, అక్కడి నుండి సెల్‌ఫోన్లకు ఆ గీత తరలివచ్చింది. ఆలయాలలోను, ఇళ్లలోను, విదేశాలలో స్థిరపడిన తెలుగువారి పూజామందిరాలలోను అది మ్రోగుతూనే ఉన్నది. 2003లో భారత తపాలాశాఖ ఘంటసాల గారి స్మారక తపాలాబిళ్లను విడుదల చేసింది. విజయవాడ ప్రభుత్వ సంగీత కళాశాల ఆయన పేరు ధరించింది. 2022లో శతజయంతిని దేశవిదేశాలలోని తెలుగువారు భక్తితో జరుపుకున్నారు.

అయితే భక్తులారా, ఒక బాధాకరమైన సంగతి మీకు విన్నవించక తప్పదు. కాలక్రమేణా ఆ గీతాగానాన్ని మనలో చాలామంది మరణవార్తకు గుర్తుగా మార్చివేశాము. అంతిమయాత్ర వాహనంపై మ్రోగడం మొదలైన నాటి నుండి, వీధిలో ఆ స్వరం వినిపిస్తే ఎవరు పోయారని అడిగే పరిస్థితి వచ్చింది. ఇంట్లో పెట్టుకుంటే అశుభమని ఆపివేయించే పెద్దలూ ఉన్నారు. ఆప్తులను కోల్పోయినవారికి ఆ గానం ఓదార్పు నిస్తుంది, అందులో తప్పు లేదు. కాని గీత ఉపదేశింపబడినది మరణించినవానికి కాదు. కర్తవ్యం ముందు నిలిచి, కాళ్లు తడబడి, విల్లు జారవిడిచిన బ్రదికియున్న మానవునికి. ఘంటసాల గారు దానిని పాడినది కూడా మృత్యువు నీడలో నిలిచి, బ్రదుకవలసినవారి కోసమే. ఆయన ఇచ్చిన దానాన్ని మనం శ్మశానపు దారికి మాత్రమే పరిమితం చేయడం ఆ దాతకు న్యాయం కాదు.

కనుక మీకు మా విన్నపం ఇది. మీ గ్రామ దేవాలయంలో ఉదయవేళ రోజుకు ఒక్క శ్లోకమైనా తాత్పర్య సహితంగా వినిపించే ఏర్పాటు చేయండి. మీ ఇంట పిల్లలు పరీక్షలకు వెళ్లేనాడు, కొత్త ఉద్యోగంలో చేరేనాడు, మనస్సు కలతచెందిన నాడు ఆ గానం వినిపించండి. శ్లోకం వెంట శ్లోకం పలికించి వారికి శుద్ధమైన ఉచ్చారణ నేర్పించండి. సంగీతమో, వేదమో, మరే విద్యయో నేర్చుకోగోరి ఆకలితో ఉన్న బాలుడు మీ గుమ్మం ముందు నిలిస్తే అతని పేరు, ఊరు, భవిష్యత్తు విచారించక ముందు అన్నం పెట్టండి. గోపురానికి ఇచ్చిన ఇటుక కంటికి కనిపిస్తుంది. విద్యార్థికి పెట్టిన అన్నం ఎవరి కంటికీ కనిపించక, ఏ తరంలోనో ఎవరి చెవినో అమృతమై పలుకుతుంది. చౌటపల్లి బాలుని జీవితం మనకు చెబుతున్నది ఇదే.